శ్రీహరికోట వనము – చిల్లగింజ నేర్పు పాఠము

శ్రీవైష్ణవ గృహమున దినము తులసికోట కడనే మొదలగును. ఇల్లాలు ముంగిట కళ్లాపి చల్లి, ముగ్గు పెట్టి, కోటకు నీరు పోసి ప్రదక్షిణము చేయును. దళములు కోయుటకును మనకు నియమములు కలవు. ద్వాదశినాడు కోయరాదు. ప్రొద్దు గ్రుంకిన పిమ్మట ముట్టరాదు. గోటితో గిల్లి కొమ్మను నొప్పింపరాదు. కోయుటకు ముందు “తల్లీ, మన్నింపు” మని వేడుకొనవలెను. పెద్దలు ఈ నియమములను ఊరక పెట్టలేదు. మొక్క ఇచ్చునది, మనము పుచ్చుకొనువారము. పుచ్చుకొనువానికి హద్దు తెలిసి యుండవలెనన్నదే వీని తాత్పర్యము.

అయితే తులసికోట దాటిన పిదప మనకు ఎన్ని మొక్కలతో పరిచయము కలదు? వినాయక చవితినాడు ఇరువదియొక్క పత్రుల పేర్లను తప్పక చదువుదుము. అంగడివాడు కట్టి యిచ్చిన కట్టలో ఏ ఆకు మాచీపత్రియో, ఏ ఆకు గండకీపత్రియో చెప్పగలవారు మాత్రము వీథికి ఒక్కరైనను కనబడుట అరుదు. పేరు నోట నిలిచినది, మొక్క కంటికి దూరమైనది. ఇది చిన్న లోపముగా తోచవచ్చును. కాని మనుష్యునకును వృక్షజాతికిని గల సంబంధమంతయు ఇందులోనే ఉన్నది. దీనిని విచారించుటకు, హరినామమునే తన పేరున ధరించిన ఒక దీవి మనకు చక్కని తావు. అదియే శ్రీహరికోట.

దీవియు, వనమును

శ్రీహరికోట నెల్లూరు తీరమున, పులికాటు సరస్సునకును బంగాళాఖాతమునకును నడుమ ఉత్తర దక్షిణములుగా సాగియున్న ఇసుకదీవి. సూళ్లూరుపేటనుండి సరస్సు మీదుగా వేసిన బాటపై సుమారు 18 కిలోమీటర్లు పోయిన దీవి చేరును. చిరకాలము నెల్లూరు జిల్లాలో నుండిన ఈ ప్రదేశము 2022 ఏప్రిల్‌లో ఏర్పడిన తిరుపతి జిల్లాలో చేరినది. కావున నేడు శేషాచలమును, ఈ దీవియు ఒకే జిల్లాలోనివి.

ఇచ్చట నేల ఇసుక. ఏడాదిలో అధిక భాగము ఎండ. వర్షములో పెద్ద పాలు అక్టోబరు మొదలు డిసెంబరు వరకు ఈశాన్య ఋతుపవనములతో వచ్చును. ఇట్టి చోట ఆకు రాల్చు ముండ్లకంపలు మాత్రమే పెరుగునని ఎవరైన అనుకొందురు. కాని ఇచ్చటి వనము ఏడాది పొడుగున పచ్చగా నుండును. వృక్షశాస్త్రజ్ఞులు దీనిని ఉష్ణమండల శుష్క సతతహరిత వనమందురు. మన తూర్పుతీరమున సన్నని పట్టీవలె వ్యాపించియుండిన ఈ జాతి అడవి చాలచోట్ల నరకబడి, పొలములై, ఊళ్లై పోయినది. మిగిలిన పెద్ద తావులలో శ్రీహరికోట ఒకటి.

ఈ వనమున పాలచెట్లు, నేరేడు చెట్లు, అల్లిచెట్లు దట్టముగా పెరుగును. వీని ఆకులు చిన్నవి, మందమైనవి, నునుపైనవి. అందుచే ఎండకు నీరు త్వరగా ఇంకిపోదు. తేమ గల పల్లములలో పేముతీగ అల్లుకొనును. మిట్టలపై తాటియు, ఈతయు నిలుచును. కలివి, బలుసు, గొలుగు పొదలు నేలను కప్పును. సుగంధిపాల తీగలు ఆ పొదలను పట్టుకొని ప్రాకును. వేసవిలో పాలపండ్లు పసుపుపచ్చగా పండును. ఆ వెనుకనే నేరేళ్లు రాలును. ఉప్పుగాలికి, ఇసుకకు, కరవునకు ఓర్చి ఇంత పచ్చదనమును నిలుపుకొనుట ఈ తరువుల తపస్సే యనవచ్చును.

అనాదిగా నున్నవారు

ఈ వనమున చిరకాలముగా నివసించినవారు యానాదులు. “అనాది” శబ్దమునుండియే ఆ పేరు వచ్చినదని జనులు చెప్పుకొందురు. ఆంధ్రప్రదేశమున ప్రధాన గిరిజన జాతులలో వీరొకరు. 2011 జనాభా లెక్కలలో వీరి సంఖ్య 5 లక్షలకు పైగా నున్నది. ఎడ్గార్ థర్‌స్టన్ 1909లో ప్రకటించిన దక్షిణదేశపు కులముల, జాతుల గ్రంథమున వీరిని గూర్చి విపులముగా వ్రాసెను. నెల్లూరి దేశభక్తుడు వెన్నెలకంటి రాఘవయ్య వీరి సేవకు జీవితమును ధారవోసి, 1962లో వీరిని గూర్చి ఆంగ్లమున ప్రత్యేక గ్రంథమును రచించెను.

యానాదులకు అడవియే పెరడు, అడవియే అంగడి, అడవియే వైద్యశాల. అడవి గడ్డలు త్రవ్వుట, తేనె తీయుట, పండ్లు ఏరుట, పేము కోయుట, మందువేళ్లు సేకరించుట వీరి జీవనోపాధులు. 1835లో ఈ దీవి నాటి ప్రభుత్వపు నేరుపాలనలోనికి వచ్చినది. అప్పటినుండి వీరు అడవి సరకులను తెచ్చి యిచ్చి, అందుకు బదులుగా కూలియో, ధాన్యమో పుచ్చుకొనుచుండిరి. వంటచెరకు పడవలకెక్కి బకింగ్‌హాం కాలువ మీదుగా చెన్నపట్టణము చేరుచుండెను. పట్టణములో పొయ్యి మండినపుడు, ఆ కట్టె ఎక్కడిదో, దానిని కొట్టిన చేయి ఎవరిదో అడిగినవారు లేరు.

గడ్డ త్రవ్వుట మనకు మోటుపనిగా కనబడును. ఆలోచించిన అది గొప్ప విద్య. వాన వెలిసిన కొన్నాళ్లకు తీగ ఎండిపోవును, నేలపై గుర్తు మిగులదు. ఎండిన కాడను బట్టి క్రింద గడ్డ ఎంత లోతున నున్నదో ఊహింపవలెను. తినదగిన గడ్డ యేది, ఉడికించి నీరు పారబోసిన గాని తినరానిది ఏది, ఎట్లు వండినను ముట్టరానిది ఏది, ఇవి తెలియనివాడు అడవిలో ఒక్క నెలయైనను బ్రదుకలేడు. ఈ విద్యకు తాళపత్రములు లేవు. తల్లి వెంట బిడ్డ నడచుటయే గురుకులవాసము.

ఒక వేరు కథ

నెల్లూరు తీరపు ఇసుకలో చిరివేరు అను చిన్న మొక్క మొలచును. చూచుటకు గడ్డిపోచ వంటిది. ఎవరి కాలి క్రిందనైన పడి నలిగిపోవును. కాని దాని వేరుపైని పట్టయందు ఎఱ్ఱని రంగు దాగియున్నది. పటిక పట్టించిన బట్టను ఈ వేరు వేసిన నీట మరగించిన, ఆ ఎఱుపు నూలును పట్టి విడువదు, ఉతికినకొలది నిగ్గు తేలును. మచిలీపట్టణపు అద్దకములకు దేశదేశములలో ఖ్యాతి తెచ్చినది ఈ ఎఱుపే. కరక్కాయ, పటిక, చిరివేరు కలిసిననే నాటి కలంకారీ. తోటలో సాగుచేసిన వేరుకన్న, ఇసుకలో తనంత తాను మొలచిన వేరే మేలైన రంగు నిచ్చునని రంగరులు ఎంచుచుండిరి. యానాదులు త్రవ్వి తెచ్చు సరకులలో ఈ వేరును ఒకటి.

ఆలయములలో రామాయణ భారత గాథలు చిత్రించిన కలంకారీ తెరలను మనము చూచియుందుము. అట్టి చిత్రములలోని ఎఱుపును చూచి చేతులు జోడించిన భక్తుడు, ఆ ఎఱుపు ఇసుకలోనుండి వచ్చినదని తలంచెనా? దేవుని వస్త్రమునకును, అడవిలో మోకాళ్లూని వేరు త్రవ్విన మనుష్యునకును నడుమ ఒక సన్నని దారము కలదు. అది మన కంటికి కనబడలేదు.

1868లో జర్మనీ దేశపు రసాయనశాస్త్రజ్ఞులు తారునుండి లభించు పదార్థముతో ఆ ఎఱుపునే కృత్రిమముగా తయారుచేసిరి. కొన్నేండ్లలోనే ఆ రంగు చవుకగా దేశదేశముల అంగళ్లకు వచ్చెను. చిరివేరు నడుగువారు తగ్గిపోయిరి. మొక్క ఇసుకలోనే యున్నది, నేటికిని మొలచుచున్నది. దానిని వెదకు కన్నులే తగ్గినవి. మనుష్యునకును మొక్కకును గల బంధము తెగుటకు మొక్క చావనక్కరలేదు. దాని అక్కర తీరిపోయినదని మనుష్యుడు తలంచిన చాలును.

పేరు పలికిన నీరు తేరదు

ఇక మన పాఠమునకు మూలమైన చిల్లగింజను చూతము. దీనినే ఇండుపగింజ యనియు, సంస్కృతమున కతకమనియు అందురు. ఈ చెట్టు తీరప్రాంతపు పొడి అడవులలో పెరుగును. దాని గింజ గుండ్రముగా, కొంచెము చదునుగా నుండును. వానకాలమున చెరువునీరు బురదయై వచ్చినపుడు, మన పూర్వులు మట్టికుండ లోపలి గోడకు ఈ గింజను కొంతసేపు రుద్ది, ఆ కుండలో నీరు పోయుచుండిరి. కొంత తడవునకు మట్టి అడుగున పేరుకొని, పైనీరు అద్దమువలె తేరును. గింజలోని జిగురు వంటి పదార్థములు నీట తేలియాడు సన్నని మట్టిరేణువులను ఒకటిగా చేర్చి బరువెక్కించును, అందుచే అవి క్రిందికి దిగును. ఇది నేటి శాస్త్రజ్ఞులు చెప్పు కారణము. అయితే తేరిన నీటిలో రోగక్రిములు పూర్తిగా నశింపవు గాన, త్రాగుటకు ముందు దానిని కాచవలెను.

మనుస్మృతి ఆరవ అధ్యాయమున ఈ గింజ ప్రస్తావన వచ్చును. కతకఫలము నీటిని తేర్చునదే యైనను, దాని పేరు పలికినంత మాత్రమున నీరు తేరదని అచ్చట భావము. ఆశ్రమ చిహ్నములు ధరించుటతోనే ధర్మము సిద్ధింపదని చెప్పుటకు ఆ దృష్టాంతము. ఎంత సూటియైన మాట! గింజను కుండకు రుద్దవలెను. రుద్దుటకు ముందు తేవలెను. తెచ్చుటకు ముందు చెట్టును గుర్తింపవలెను. గుర్తించుటకు ఆ చెట్టు నీడన నడచియుండవలెను.

దీనికి తోడు మరియొక విశేషము. చిల్లచెట్టునకు దగ్గరి చుట్టము ముష్టిచెట్టు. రెండును ఒకే కుటుంబమునకు చెందినవి. రెండింటి గింజలును బిళ్లలవలె నుండును. ఒకటి నీటిని తేర్చును, రెండవది ప్రాణమును తీయును. ముష్టిగింజలోని విషము కొద్దిపాటిదైనను మనుష్యుని చంపగలదు. యానాదులు దీనిని కూడ ఏరి వర్తకుల కిచ్చుచుండిరి. శుద్ధి చేసి మాత్ర తప్పక వాడిననే ఇది ఔషధములలో చెల్లును. అడవి విద్యలో “ఇది మంచిది, ఇది చెడ్డది” అను రెండు గదులే యుండవు. ఎంత, ఎప్పుడు, ఎవరికి, ఎట్లు అను నాలుగు ప్రశ్నలు తోడుగా నుండును.

ఇచ్చట భక్తులు ఒక హెచ్చరికను గ్రహింపవలెను. పాముకాటుకు ఈశ్వరి తీగ మందని పల్లెలలో చిరకాలముగా చెప్పుకొందురు. కాని ఆ జాతి తీగలలోని ఒక ద్రవ్యము మూత్రపిండములకు తీరని హాని చేయునని నేటి వైద్యము నిరూపించినది. పాము కరచినవానిని తక్షణమే ఆసుపత్రికి చేర్చి విషహరమగు సూదిమందు ఇప్పించుటయే కర్తవ్యము. పూర్వవిద్యను గౌరవించుట యనగా దానిని పరీక్షింపకుండుట కాదు. నిజమైన విద్య పరీక్షకు వెరవదు.

దీవి మారిన విధము

1969లో భారతదేశపు ఉపగ్రహ ప్రయోగములకు ఈ దీవిని ఎన్నుకొనిరి. తూర్పున సముద్రము, జనసంఖ్య స్వల్పము. తూర్పుదిశగా వదలిన రాకెట్టునకు భూభ్రమణము తోడ్పడును. 1971 అక్టోబరు 9న ఇచ్చటినుండి మొదటి చిన్న రాకెట్టు లేచినది. 1980 జులై 18న ఎస్.ఎల్.వి.-3 రోహిణి ఉపగ్రహమును కక్ష్యలో నిలిపినది. 2002లో ఈ కేంద్రమునకు సతీశ్ ధవన్ పేరు పెట్టిరి. సుమారు 175 చదరపు కిలోమీటర్ల ప్రదేశము నేడు కేంద్రపు అధీనమున నున్నది. దేశమునకు ఇది గర్వకారణమనుటలో సందేహము లేదు.

దీనివలన వనమునకు రెండు విధముల ఫలము కలిగినది. అనుమతి లేక ఎవరును దీవిలో అడుగు పెట్టరాదు గాన, ఇతర తీరములలో నాశనమైన అడవి ఇచ్చట చాలవరకు నిలిచినది. ఇది మేలు. కొన్ని తావులలో మాత్రము సరుగుడును, నీలగిరియు నాటుటచే సహజవనము తన చోటును వానికి విడువవలసి వచ్చినది.

యానాదుల బ్రదుకు వేరొక దారి పట్టినది. ఊళ్లు కదలినవి. కొన్ని కుటుంబములు దీవిలోనే ఏర్పరచిన కాలనీలలో నిలిచినవి, మరికొన్ని ఆవలి ఒడ్డునకు చేరినవి. అడవిసరకుపై బ్రదికిన అనేకులు దినకూలికి మారిరి. బడి, ఆసుపత్రి, కూలిడబ్బు దగ్గరైనవి. వీనిని తక్కువగా చూడరాదు. ఆకలిని, రోగమును అనుభవించినవారికే వాని విలువ తెలియును. కాని అడవిలో స్వేచ్ఛగా తిరుగుట తగ్గినకొలది, తల్లి వెంట బిడ్డ నడచు ఆ గురుకులము సన్నగిల్లినది. బడిలో చదువు నేర్చిన బిడ్డకు పాలచెట్టు పేరు పుస్తకమున దొరకకపోవచ్చును. ముదుసలి తాత ఒక్కడు కన్ను మూసిన, ఆయనతో పాటు ఎన్ని మొక్కల ఆనవాళ్లు, ఎన్ని మందుల పాళ్లు, ఎన్ని హెచ్చరికలు వెళ్లిపోవునో లెక్కించువారు ఎవరు?

వనము మిగిలి, వనమును ఎరిగినవాడు మిగులనిచో, ఆ రక్షణము సగమే. విగ్రహము గర్భాలయమున భద్రముగా నుండి, అర్చకుని వంశము అంతరించిన కోవెల వంటిది అది.

మన సంప్రదాయము ఏమనుచున్నది?

శ్రీమద్భాగవతమున దశమస్కంధము ఇరువదిరెండవ అధ్యాయమున, మండువేసవిలో శ్రీకృష్ణుడు గోపబాలురతో నడచుచు వృక్షములను చూపి కొనియాడును. ఎండను, వానను, గాలిని, మంచును తాము భరించి ఇతరులను కాచుట వాని గుణము. అడుగవచ్చినవాడు వట్టిచేతులతో మరలిపోడు. ఆ స్వామి వృక్షమును పొగడినది అది పూజాద్రవ్యమైనందున కాదు, పరోపకారమునకై బ్రదుకుచున్నందున.

నమ్మాళ్వారులు తిరుక్కురుగూరున చింతచెట్టు నీడనే తపస్సు చేసిరి. ఆళ్వార్ తిరునగరిలో ఆ చెట్టును ఆదిశేషుని అంశగా నేటికిని సేవింతురు. మహాజ్ఞానికి ఆశ్రయమైన గౌరవము ఒక చెట్టునకు దక్కినది.

వృక్షములవలెనే వనవాసులను కూడ మన సంప్రదాయము అక్కున చేర్చుకొన్నది. శబరి పంపాతీరమున ఏరియుంచిన అడవిఫలములను శ్రీరాముడు స్వీకరించెను. ఏ పండు ఎప్పుడు పక్వమగునో ఎరిగిన చేయి గనుకనే అది రామునకు అర్పింపదగిన నైవేద్యమైనది. అహోబిలమున నరసింహస్వామి చెంచులక్ష్మిని చేపట్టిన కథ అందరును ఎరిగినదే. అచ్చట ఏటేట సంక్రాంతి వేళ పారువేట ఉత్సవమున స్వామి ఆలయము విడిచి, నలుబది దినములకు పైగా ఊరూర తిరిగి, తన కల్యాణమునకు జనులను తానే పిలుచును. అత్తవారైన చెంచులు ఆ ఉత్సవమున ముందు నిలుతురు. స్వామి చుట్టరికము కలుపుకొన్న వనవాసులను స్వామి భక్తులు అంటరాదనియు, అనాగరికులనియు దూరముగా నుంచుట ఏ శాస్త్రమునకు సమ్మతము?

గృహస్థులు చేయదగినవి

దీవికి పోవుట అందరికి సాధ్యము కాదు, పోనవసరమును లేదు. శ్రీహరికోట నేర్పు పాఠమును ఇంటనే అభ్యసింపవచ్చును.

మొదటిది, గుర్తించుట. పూజలో పేర్కొను పత్రులలో నెల కొక్కదానిని తెచ్చి, పిల్లలచేత ముట్టించి, వాసన చూపించి, వీలున్న పెరటిలో నాటించవలెను. రెండు సంవత్సరములలో ఇరువదియొక్క పత్రులును పేరు నుండి కంటికి వచ్చును.

రెండవది, హద్దు. తులసి కొఱకు పాటించు నియమమునే ఇతర మొక్కలకును పాటింపవలెను. పండుగనాడు మామిడి మండలను విరుచువాడు తోరణమునకు కావలసినంతయే కోయవలెను. వేరు త్రవ్వువాడు మొదలు మిగిల్చిననే మరుసటి వానకు తీగ చిగుర్చును.

మూడవది, ఋణము తీర్చుట. వేసవిలో నన్నారి పానకము త్రాగుదుము, కుంకుళ్లతో తలంటుకొందుము, తేనెతో స్వామికి అభిషేకము చేయింతుము. వీనిని అడవినుండి తెచ్చువారితో బేరమాడి నాలుగు రూపాయలు తగ్గించుట పుణ్యము కాదు. తగిన వెల ఇచ్చుటయు కైంకర్యములో భాగమే.

నాలుగవది, అడిగి వ్రాసికొనుట. మన ఊరి ప్రక్కన యానాది వాడ యున్న, అచ్చటి పెద్దలను గౌరవముతో అడిగి, వారు ఎరిగిన మొక్కల పేర్లను, గుర్తులను వారి పేరుననే వ్రాయించవలెను. 2002 జీవవైవిధ్య చట్టము క్రింద గ్రామములలో ఇట్టి పట్టికలు వ్రాయుటకు ఏర్పాటు కలదు. అట్టి జ్ఞానమువలన కలిగిన లాభములో దాని నెరిగినవారికి పాలుండవలెననియు ఆ చట్టము చెప్పుచున్నది. 2006 అటవీ హక్కుల చట్టము చిన్న అటవీ ఫలసాయముపై వనవాసుల హక్కును గుర్తించినది. ఈ చట్టములు వారికి తెలియునట్లు చేయుటయు చదువుకొన్నవారి సేవయే.

శ్రీహరికోటనుండి లేచిన ఉపగ్రహములు ఆకాశమునుండి మన అడవుల పచ్చదనమును కొలిచి చెప్పుచున్నవి. ఎక్కడ పచ్చదనము తగ్గినదో, ఎక్కడ పెరిగినదో అవి చూపగలవు. ఆ పచ్చదనములో పాల యేది, చిల్ల యేది, ముష్టి యేది అన్నది మాత్రము నేలపై నడచినవాడే చెప్పవలెను. రెండు చూపులును దేశమునకు కావలయును. మొదటిదానిని సాధించిన దీవియందే రెండవది ఆరిపోకుండ చూచుట మన ధర్మము.

మనస్సు కూడ వానకాలపు చెరువు వంటిదే. నామము మాత్రము పలికి, ఆ నామమునకు తగిన నడవడి లేనిచో అందులోని బురద దిగదు. కతకఫలమును కుండకు రుద్దినట్లు భక్తిని దినదినము చేతలో రుద్దుకొనవలెను. తులసికి పోసిన నీరు మన వాడలోని వేపకును, వేప నీడన బ్రదుకు మనుష్యునకును చేరిన నాడు, తరులయందును, నరులయందును నెలకొనియున్న శ్రీహరి ప్రసన్నుడగును.